రొమేనియా సినిమాల్లో కట్‌లు తక్కువ కదా, అక్కడ ఎడిటర్‌కి పనేముంటుంది?

మీ ప్రశ్నలో రెండు ముక్కలున్నాయి. ఒకటి: సీను మొత్తం ఒకే షాట్‌లో నడిచిపోయే రొమేనియా సినిమాల్లో ఎడిటర్ చేసేదేముంది? రెండు: అక్కడ ఎడిటర్‌గా కెరీర్ ఎలా సాగుతుంది, దాన్నుంచి ఇక్కడ ఎడిటింగ్ నేర్చుకుంటున్నవాళ్లు తీసుకోదగ్గదేమైనా ఉందా? నేను ఎడిటింగ్ మీదే బతుకుతున్నవాణ్ని. ఆ సినిమాలంటే ఇష్టంతో ఆపి ఆపి, వెనక్కి తిప్పి తిప్పి చూసినవాణ్ని. కాబట్టి కాస్త పొడుగ్గానే రాస్తాను.

కట్‌లు తగ్గిన కొద్దీ ఎడిటర్ మీద బరువు పెరుగుతుంది. ఎలాగో చెప్తాను.

మనం సాధారణంగా పనిచేసే సీనులో మాస్టర్ షాట్ (సీను మొత్తాన్ని దూరం నుంచి పట్టేది) ఉంటుంది, ఇద్దరి క్లోజప్‌లు ఉంటాయి, రియాక్షన్లు ఉంటాయి. ఆర్టిస్టు మూడో డైలాగు దగ్గర తడబడితే అవతలి మనిషి ముఖం మీదికి వెళ్లిపోతాం. సీను ల్యాగ్ అనిపిస్తే మధ్యలో నాలుగు లైన్లు లేపేస్తాం. ఈ టేక్‌లో మొదటి సగం, ఆ టేక్‌లో రెండో సగం కలిపి ఒక మంచి నటనను తయారు చేస్తాం. సీను ఒకే షాట్ అయినప్పుడు ఈ దారులన్నీ మూసుకుపోతాయి. లోపల ఒక్క క్షణం కూడా తీసేయలేరు. మీ చేతిలో మిగిలేవి మూడు: ఏ టేక్ పెట్టాలి, సీనులోకి ఎప్పుడు దిగి ఎప్పుడు బయటికి రావాలి, ఆ షాట్‌కి ఎలాంటి శబ్దం ఇవ్వాలి. ఈ మూడింటిలో ఏది తప్పినా కప్పిపుచ్చడానికి ఇంకో షాట్ ఉండదు.

క్రిస్తియన్ ముంజియు తీసిన '4 మంత్స్, 3 వీక్స్ అండ్ 2 డేస్' మీరు చూసే ఉంటారు. 2007లో కాన్ ఫెస్టివల్‌లో అతిపెద్ద బహుమతి పామ్ డోర్ గెలిచింది. రొమేనియా కమ్యూనిస్టు నియంత చౌషెస్కు హయాంలో అబార్షన్ నేరం. స్నేహితురాలికి రహస్యంగా అబార్షన్ చేయించడానికి ఒతిలియా అనే అమ్మాయి ఒక రోజంతా పడే యాతనే కథ. అందులో పుట్టినరోజు భోజనం సీను ఒకటుంది. హోటల్ గదిలో స్నేహితురాల్ని ఒంటరిగా వదిలేసి, మాట ఇచ్చినందుకు ఒతిలియా తన బాయ్‌ఫ్రెండ్ ఇంటికి వస్తుంది. వాళ్లమ్మ పుట్టినరోజు. కెమెరా బల్లకి ఒక చివర కదలకుండా ఉంటుంది. ఎదురుగా ఒతిలియా, ఆమె చుట్టూ ఇరుక్కుని కూర్చున్న పెద్దవాళ్లు. చేతులు అడ్డంగా వచ్చి గిన్నెలు అందుకుంటాయి. కొందరు మాట్లాడుతున్నా వాళ్ల ముఖాలు ఫ్రేములో ఉండవు. వంటల గురించి, చదువుల గురించి, ఈ కాలం పిల్లల గురించి కబుర్లు సాగుతూనే ఉంటాయి. ఆ అమ్మాయి దాదాపు ఏమీ మాట్లాడదు. నిమిషాలు గడుస్తుంటాయి. చూస్తున్న మనకి ఊపిరి ఆడదు, ఎందుకంటే మన మనసంతా ఆ హోటల్ గదిలో ఉంది.

ఆ సీను ఎడిటర్ దానా బునెస్కు. ఇదే సీను మామూలు కవరేజ్‌తో, అంటే రకరకాల కోణాల్లో తీసిన షాట్లతో, మన టేబుల్ మీదికి వస్తే ఏం చేస్తామో ఊహించండి. మాట్లాడేవాళ్ల మీదికి కట్, ఒతిలియా క్లోజప్, గడియారం, మళ్లీ ఒతిలియా. టెన్షన్ వస్తుంది, కానీ అది మనం పుట్టించిన టెన్షన్. ముంజియు సీనులో అయితే ప్రేక్షకుడు ఆ బల్ల దగ్గర నుంచి లేవలేడు, ఆ అమ్మాయి లేవలేనట్టే. ఇది షూటింగ్ రోజున దర్శకుడు తీసుకున్న నిర్ణయమే, ఒప్పుకుంటాను. కానీ ఇలాంటి సీనుకి వచ్చిన టేక్‌లన్నీ చూసి, బల్ల చుట్టూ ఉన్న అందరి టైమింగూ కుదిరి, మధ్యలో ఉన్న మనిషి ముఖం కూడా నిలబడిన టేక్‌ని పట్టుకోవడం టేబుల్ దగ్గర జరిగే పని. ఒకరి నటన బ్రహ్మాండంగా ఉన్న టేక్‌లో పక్కవాళ్ల ఊపు తగ్గొచ్చు. ఏది వదులుకోవాలి? ఎవరి కోసం ఈ సీను ఉంది? ఆ జవాబు తెలిసినవాళ్లే టేక్ ఎంచగలరు.

ముంజియు తర్వాతి సినిమాలు 'బియాండ్ ది హిల్స్', 'గ్రాడ్యుయేషన్', 'ఆర్.ఎమ్.ఎన్.' ఎడిట్ చేసింది మిర్చా ఒల్త్యాను. 'ఆర్.ఎమ్.ఎన్.'లో ఊరి సభ సీను సుమారు 17 నిమిషాలు ఒకే స్థిరమైన షాట్. హాలు నిండా జనం, అరుపులు, మధ్య మధ్యలో ముందు వరసలో కూర్చున్న జంట గుసగుసలు. అక్కడ చూపు ఎటు తిరగాలో చెప్పేది శబ్దమే. ఎవరి గొంతు ఎంత పైకి రావాలి, ఏది గోలలో కలిసిపోవాలి అన్నదాన్ని బట్టి మన కళ్లు హాల్లో ఒకచోటి నుంచి ఇంకోచోటికి వెళ్తాయి. కట్ చేయాల్సిన పని చెవి చేస్తోంది.

దానా బునెస్కు పేరు నేను ముందు చెప్పింది అందుకే. ఆమె ఎడిటరూ, సౌండ్ డిజైనరూ. చాలా సినిమాల్లో ఆమె పేరు రెండు చోట్లా కనబడుతుంది. మన దగ్గర ఎడిటర్ పిక్చర్ లాక్ చేసి (ఇక బొమ్మ మారదని తేల్చి) ఇచ్చేశాక డబ్బింగ్, ఎఫెక్ట్స్, ఆర్ఆర్ (నేపథ్య సంగీతం) వేరే వేరే గదుల్లో, వేరే వేరే మనుషుల చేతుల్లో జరుగుతాయి. రొమేనియాలో ఈ తరం సినిమాలు ఎక్కువగా లొకేషన్ సౌండ్‌తో, అంటే షూటింగ్ చోటే పట్టిన శబ్దంతో, తీసినవి. టేక్ ఎంచుకుంటే దానితో పాటు శబ్దాన్నీ ఎంచుకున్నట్టే. పైగా నేపథ్య సంగీతం దాదాపు ఉండదు. '4 మంత్స్'లో చివర్లో ఒతిలియా సంచి పట్టుకుని చీకట్లో నడిచే భాగం గుర్తు తెచ్చుకోండి. మ్యూజిక్ లేదు. అడుగుల చప్పుడు, ఆయాసం, ఎక్కడో కుక్కల అరుపులు. తెర మీద సగం నల్లగానే ఉంటుంది. ఆ భయమంతా సౌండ్ ట్రాక్‌లో కట్టినదే. రాజధాని బుకారెస్ట్‌లో ఉన్న జాతీయ నాటక, సినిమా కళల విశ్వవిద్యాలయం ఉనాటక్‌లో ఎడిటింగ్‌నీ సౌండ్‌నీ ఒకే విభాగం కింద నేర్పడం ఊరికే జరిగింది కాదని నా అభిప్రాయం.

బునెస్కు చేసిన పనుల్లో నన్ను అన్నిటికంటే కట్టిపడేసింది అంద్రెయ్ ఉజికా డాక్యుమెంటరీ 'ది ఆటోబయోగ్రఫీ ఆఫ్ నికొలాయ్ చౌషెస్కు', 2010. మూడు గంటల సినిమా. అందులో ఒక్క ముక్క కూడా కొత్తగా తీసింది లేదు, వ్యాఖ్యానం లేదు, తెర మీద వివరణ లేదు. అంతా టీవీ, ఫిల్మ్ ఆర్కైవ్‌ల నుంచి తెచ్చిన ఫుటేజ్, పాతికేళ్ల పాలనలో ఆయన్ని పొగడటానికి ప్రభుత్వమే తీయించుకున్నది. 1989 డిసెంబర్ విచారణ దృశ్యంతో మొదలై, వెనక్కి 1965లో ఆయన ముందటి నాయకుడి అంత్యక్రియలకి వెళ్తుంది. అక్కణ్నుంచి సభలు, విదేశీ పర్యటనలు, సెలవుల్లో ఆటలు. ఆయన వాలీబాల్ ఆడటం రాకపోయినా ఆడుతుంటే చుట్టూ ఉన్నవాళ్లు సర్దుకుంటూ ఆడతారు. దాని మీద ఎవరూ ఒక్క మాట అనరు. ఆ షాట్ ఎంతసేపు ఉంచారన్నదే వ్యాఖ్యానం.

ఆ ఫుటేజ్‌లో చాలా భాగానికి అసలు శబ్దం లేదు. చప్పట్లు, అడుగులు, గాలి, జనం మాటల గోల, అంతా తర్వాత కట్టాల్సి వచ్చింది. కొన్ని చోట్ల కావాలనే నిశ్శబ్దంగా వదిలేశారు. ఎక్కడ శబ్దం ఇస్తే అది నిజంలా నమ్ముతాం, ఎక్కడ ఆపేస్తే అది బొమ్మేనని గుర్తొస్తుంది అన్న లెక్క అది. భజన కోసం తీసిన రీళ్లతోనే ఆ భజన బండారం బయటపెట్టిన సినిమా ఇది. ఎడిటింగ్ శక్తి ఏమిటని ఎవరైనా అడిగితే నేను ముందు దీని పేరే చెప్తాను.

'అలాంటివాళ్లకి గుర్తింపు వస్తుందా' అని కూడా అడిగారు. 2017 బెర్లిన్ ఫెస్టివల్‌లో కలిన్ పీటర్ నెట్సర్ సినిమా 'అనా, మొన్ అమూర్' ఎడిటింగ్‌కి దానా బునెస్కు సిల్వర్ బేర్ బహుమతి అందుకున్నారు. ఆ ఫెస్టివల్‌లో ఛాయాగ్రహణం, సంగీతం, సెట్ డిజైన్, ఎడిటింగ్ లాంటివన్నీ కలిపి ఉత్తమ కళాత్మక కృషికి ఒకే బహుమతి ఉంటుంది. అది ఎడిటర్‌కి రావడం పెద్ద విషయం. ఆ సినిమా ఇప్పటిదాకా చెప్పినవాటికి పూర్తిగా వేరు. ఒక జంట కాపురం చాలా ఏళ్ల పాటు ఎలా నడిచిందో ముందుకీ వెనక్కీ గెంతుతూ చెప్తుంది. ఇది ఏ ఏడు అని తెర మీద రాయరు. మగవాడి జుట్టు ఎంత పలచబడిందో చూసి ఏ కాలమో పోల్చుకోవాలి. నెట్సర్‌దే ముందు వచ్చిన 'చైల్డ్స్ పోజ్' 2013లో అదే ఫెస్టివల్‌లో అతిపెద్ద బహుమతి గోల్డెన్ బేర్ గెలిచింది. దాని ఎడిటరూ ఆమే. ఆస్కార్‌లో రెండు విభాగాల్లో నామినేషన్ వచ్చిన డాక్యుమెంటరీ 'కలెక్టివ్' ఎడిటింగ్‌లోనూ దర్శకుడు అలెగ్జాండర్ నానావు, జార్జ్ క్రాగ్‌లతో పాటు ఆమె పేరుంది. లాంగ్ టేక్‌కీ, ముక్కలు ముక్కలుగా దూకే కథకీ, డాక్యుమెంటరీకీ ఒకే మనిషి. ఆమెది ఒక స్టైల్ అని ముద్ర వేయడం కష్టం. నాకు ఆమెలో నచ్చేది అదే.

ఇంకో దారి ఎడిటర్ కతలిన్ క్రిస్తుత్సియుది. ఆయన కెరీర్ గురించి చెప్పాలంటే దర్శకుడు క్రిస్తియన్ నెమెస్కు దగ్గర మొదలుపెట్టాలి. 2006 ఆగస్టులో నెమెస్కు, ఆయన సౌండ్ డిజైనర్ అంద్రెయ్ టొంకు ఇద్దరూ బుకారెస్ట్‌లో టాక్సీలో వెళ్తుండగా ప్రమాదంలో చనిపోయారు. నెమెస్కుకి అప్పటికి 27 ఏళ్లు. ఆయన మొదటి పూర్తి నిడివి సినిమా 'కాలిఫోర్నియా డ్రీమిన్' ఇంకా పోస్ట్ ప్రొడక్షన్‌లో ఉంది. కొసవో యుద్ధం రోజుల్లో నాటో సామగ్రితో వెళ్తున్న రైలుని ఒక పల్లెటూరి స్టేషన్ మాస్టర్ కాగితాల్లేవని ఆపేసే కథ. ఎడిటర్ క్రిస్తుత్సియు. సినిమా రెండున్నర గంటలు దాటి ఉంది. దర్శకుడు బతికుంటే ఇంకా కుదించేవాడేమో. కానీ ఆయన లేకుండా ముట్టుకోకూడదని, ఆయన వదిలిన రూపంలోనే ఉంచి, పేరు పక్కన 'అసంపూర్ణం' అని రాసి విడుదల చేశారు. 2007 కాన్‌లో అన్ సర్టెన్ రిగార్డ్ అనే విభాగపు బహుమతి దానికే వచ్చింది.

ఎడిటర్‌గా ఈ సంగతి నన్ను ఎప్పుడూ కదిలిస్తుంది. పొడుగు తెలుస్తూనే ఉంటుంది. ఎక్కడ కత్తెర పడాలో చేతికి తెలుసు. అయినా చేయి ఆపుకోవాలి, ఎందుకంటే 'అవును, అక్కడే' అని ఒప్పుకునే మనిషి పక్కన లేడు. విడుదలైన రెండో రోజుకే టాక్ చూసి పదిహేను నిమిషాలు లేపేసే అలవాటున్న పరిశ్రమలో పనిచేసే మనం దీన్ని ఒకసారి గుర్తు చేసుకోవడం మంచిది.

తర్వాత క్రిస్తుత్సియు, 'రాదు జూదె' అనే దర్శకుడికి ఎడిటర్ అయ్యారు. 'అఫెరిమ్', 'బ్యాడ్ లక్ బ్యాంగింగ్ ఆర్ లూనీ పోర్న్', 'డు నాట్ ఎక్స్‌పెక్ట్ టూ మచ్ ఫ్రమ్ ది ఎండ్ ఆఫ్ ది వరల్డ్' ఈ జోడీవే. 2023లో వచ్చిన ఆ చివరి సినిమా ఎడిటింగ్ నేర్చుకునే ప్రతి ఒక్కరూ చూడాలి. అంజెలా అనే అమ్మాయి ఒక ప్రొడక్షన్ కంపెనీ కోసం రోజంతా కారు నడుపుతూ, పనిలో గాయపడ్డవాళ్లని ఒక ప్రచార వీడియో కోసం చూసొస్తుంటుంది. ఈ బ్లాక్ అండ్ వైట్ కథ మధ్యలోకి 1981 నాటి ఒక రొమేనియన్ కలర్ సినిమా ముక్కలు వస్తాయి. అందులోనూ నాయిక పేరు అంజెలాయే, ఆమె టాక్సీ నడుపుతుంది. జూదె, క్రిస్తుత్సియు ఆ పాత ముక్కల్ని ఉన్నట్టు అతికించలేదు. వేగం తగ్గించి, ఫ్రేము మూలల్లోకి వెళ్లి, అప్పటి కెమెరాలో అనుకోకుండా పడ్డ దారిన పోయేవాళ్ల ముఖాల మీద ఆగారు. కథానాయిక పక్కకి పోయి, ఆ కాలపు వీధి ముందుకొచ్చింది.

అదే సినిమాలో ఒక రోడ్డు గురించి మాట వస్తుంది. అక్కడ ప్రమాదాల్లో చాలామంది పోయారని. అంతే, తర్వాత మాటల్లేవు, సంగీతం లేదు. రోడ్డు పక్కన పాతిన శిలువలు ఒకదాని తర్వాత ఒకటి, నిమిషాల పాటు. ఒక్కో శిలువ మీద కాసేపు. చాలనిపిస్తుంది. ఆగదు. ఇంకా వస్తూనే ఉంటాయి. ఎన్ని ఉన్నాయో అప్పుడు తలకెక్కుతుంది. నాలుగు చూపించి ఆపి ఉంటే అది సమాచారం అయ్యేది. ఈ సినిమా అరగంట దాటిన ఒకే స్థిరమైన షాట్‌తో ముగుస్తుంది కూడా. ఒకే ఎడిటర్, ఒకే సినిమాలో ముక్కల కూర్పూ, అసలు ముట్టుకోకపోవడమూ. రొమేనియా అంటే లాంగ్ టేకే అనుకునేవాళ్లకి ఇది మంచి జవాబు.

ఎడిటర్ రోక్సానా సెల్ పేరు కూడా గుర్తుంచుకోండి. దర్శకుడు కొర్నేలియు పొరుంబొయు సినిమాలు '12:08 ఈస్ట్ ఆఫ్ బుకారెస్ట్' నుంచి 'ది విస్లర్స్' దాకా ఆమెతో ముడిపడి ఉన్నాయి. 'పోలీస్, అడ్జెక్టివ్'లో పోలీసు ఒక కుర్రాడి వెనకాల నడుస్తూనే ఉంటాడు. ఆ నడకల నిడివి ఎంతుండాలో తేల్చడానికి ఎంత ఓపిక కావాలో ఆ సినిమా చూస్తే అర్థమవుతుంది.

ఇక కెరీర్ సంగతి. కమ్యూనిస్టు కాలంలో బుకారెస్ట్ దగ్గరి బుఫ్తేయా స్టూడియోలో ఎడిటర్లు ప్రభుత్వ జీతగాళ్లు. 1989 తర్వాత ఆ వ్యవస్థ కూలింది. 2000 సంవత్సరాన్ని అక్కడివాళ్లు ఇప్పటికీ సున్నా సంవత్సరం అని తలుచుకుంటారు, కొత్త రొమేనియన్ ఫీచర్ ఫిల్మే లేదు. మరుసటి ఏడు క్రిస్తి పుయు మొదటి సినిమాతో కొత్త తరం మొదలైంది. 2005లో ఆయన 'ద డెత్ ఆఫ్ మిస్టర్ లజరెస్కు' ప్రపంచమంతా తిరిగింది. జబ్బుపడ్డ ముసలాయన్ని అంబులెన్సులో ఆస్పత్రి నుంచి ఆస్పత్రికి తిప్పే ఒక్క రాత్రి కథ, 153 నిమిషాల్లో. దాని ఎడిటర్ కూడా బునెస్కుయే. గంటలు గంటలు ఎక్కడ ఎగిరిపోయాయో తెలియకుండా, క్షణం కూడా వదలకుండా చూశామనిపించేలా చేయడం మామూలు పని కాదు.

డబ్బు విషయంలో ఆశలు పెట్టుకోవద్దు. మార్కెట్ చిన్నది. జాతీయ సినిమా కేంద్రం పోటీ పెట్టి ఇచ్చే నిధులు, యూరప్ దేశాల ఉమ్మడి నిర్మాణాలు, వీటి మీదే ఇలాంటి సినిమాలు నడుస్తాయి. నిధులు ఆలస్యమైతే దర్శకుడితో పాటు ఎడిటరూ ఖాళీ. అందుకే యాడ్‌లు, టీవీ సీరియళ్లు, డాక్యుమెంటరీలు కూడా చేసుకుంటూ పోతారు. ఉమ్మడి నిర్మాణంలో ఇంకో చిక్కు: పెట్టుబడి పెట్టిన దేశంలోనే కొంత ఖర్చు చేయాలన్న షరతు వల్ల పోస్ట్ ప్రొడక్షన్‌లో కొంత పని అటు పోతుంది. గుర్తింపుకి అక్కడ ఏటా ఇచ్చే గోపో అవార్డుల్లో ఎడిటింగ్ విభాగం ఉంది. అది కాక పని దొరికేది మనిషి నమ్మకం మీదే. జూదెకి క్రిస్తుత్సియు, పొరుంబొయుకి సెల్, ముంజియుకి ఒల్త్యాను. ఏళ్ల తరబడి జోడీలు. లాంగ్ టేక్ సినిమాలో ఎడిటర్ పని షూటింగ్‌కి ముందే స్క్రిప్టు దగ్గర మొదలవుతుంది, షూటింగ్ అయ్యాక దిద్దడానికి పెద్దగా ఏమీ మిగలదు కాబట్టి. అంత ముందు నుంచి మాట వినాలంటే ఆ దర్శకుడికి మీ మీద గురి ఉండాలి.

'నేను వెళ్లి అక్కడ చదవచ్చా' అంటే, ఉనాటక్‌లో బోధన ప్రధానంగా రొమేనియన్ భాషలో ఉంటుంది. భాష రాకుండా ఎడిటర్‌గా అక్కడ స్థిరపడటం కష్టం. ఈ సినిమాలన్నీ మాటల మీద, గొంతులో చిన్న మార్పుల మీద నడుస్తాయి. మీది ఇంకా నేర్చుకునే దశ అయితే నా సలహా ఇక్కడే ఉండి ఆ సినిమాలతో పనిచేయమని. ముందు 'లజరెస్కు', తర్వాత '4 మంత్స్', ఆ తర్వాత చౌషెస్కు డాక్యుమెంటరీ, చివర్లో జూదె సినిమా. ఒక్కోదాన్ని మొదటిసారి మామూలుగా చూడండి. రెండోసారి భోజనం సీను లాంటి ఒక్క సీను తీసుకుని బొమ్మ ఆపేసి శబ్దం మాత్రమే వినండి. ఎవరి గొంతు దగ్గరగా ఉంది, ఎవరిది దూరంగా ఉంది, ఎక్కడ గిన్నెల చప్పుడు మాటని మింగేసిందో రాసుకోండి.

ఆ తర్వాత మీ సొంత షార్ట్ ఫిల్మ్ రషెస్‌లోంచి (షూట్ చేసిన ముడి ఫుటేజ్‌లోంచి) ఒక సీను మాస్టర్ టేక్‌లన్నీ బయటికి తీయండి. ఎన్‌జీ (పనికిరానివి) అని పక్కన పెట్టినవి కూడా. క్లోజప్‌లు ముట్టుకోకుండా, ఒక్క మాస్టర్‌తోనే ఆ సీను నిలబెట్టడానికి ప్రయత్నించండి. ఏ టేక్ ఎంచారో, ఎందుకు ఎంచారో, ఏ ఫ్రేము దగ్గర మొదలుపెట్టి ఏ ఫ్రేము దగ్గర వదిలేశారో రాసి ఇక్కడ పెట్టండి, లింకు కూడా ఇవ్వండి. చూసి నా అభిప్రాయం చెప్తాను.